మూత తీయనివ్వని పెట్టె

1920 ప్రాంతం. అమెరికాలోని శాన్‌ఫ్రాన్సిస్కో నగరంలో ఒక వైద్యశాల. గదిలో వెలుతురు బాగా తగ్గించారు. నడుము పైన బట్టలు లేకుండా ఒక మనిషి పడమటి వైపు ముఖం పెట్టి నిలబడి ఉన్నాడు. అతను రోగి కాడు, నిక్షేపంలాంటి మనిషి. అతని నుదుటికి ఒక లోహపు బిళ్ళ, ఆ బిళ్ళకు ఒక తీగ, తీగ రెండో కొసన ఒక పెట్టె. పెట్టెలో చిన్న కాగితం ముక్క, దాని మీద ఎండిపోయిన నెత్తుటి చుక్క. ఆ నెత్తురు ఎక్కడో దూరాన మరో రాష్ట్రంలో ఉన్న రోగిది. టపాలో వచ్చింది. డాక్టరు ఈ నిలబడ్డ మనిషి పొట్ట మీద వేలితో తట్టుకుంటూ పోతాడు. ఒకచోట బోలుగా మోగుతుంది, ఒకచోట మొద్దుగా పలుకుతుంది. మొద్దుగా పలికిన చోటు ఏదో చూసుకుని, నెత్తురు పంపిన మనిషికి క్యాన్సర్ ఉందంటాడు. ఆ చోటు కాస్త పక్కకి జరిగితే క్షయ. ఇంకాస్త జరిగితే సిఫిలిస్.

అంటే జబ్బు ఒకరిది, పొట్ట మరొకరిది. ఈ రెంటికీ మధ్య ఒక తీగ.

జబ్బు దగ్గర ఆగినా బాగుండేది. పొట్ట మీద మొద్దు శబ్దం వచ్చిన చోటును బట్టి ఆ నెత్తుటి మనిషి క్యాథలిక్కా, మెథడిస్టా, యూదుడా అన్నది కూడా చెప్పగలనన్నాడు ఆ డాక్టరు. కొన్నాళ్ళకు నెత్తురు కూడా అక్కర్లేదు, చేతిరాత చాలన్నాడు. ఎప్పుడో పోయిన రచయితల సంతకాలు పెట్టెలో పెట్టి, శామ్యూల్ జాన్సన్‌కు సిఫిలిస్ ఉండేదన్నాడు. ఎడ్గార్ అలన్ పోకు సిఫిలిస్‌తో పాటు తాగుడు కూడా ఉందని పొట్ట మీద తట్టి తేల్చాడు. పో తాగుతాడని తెలియడానికి పెట్టెందుకు? ఆయన జీవిత చరిత్ర చదివితే సరిపోయేది.

ఆ డాక్టరు పేరు ఆల్బర్ట్ అబ్రామ్స్. నెత్తురు పెట్టే ఆ పెట్టెకు ఆయన పెట్టిన పేరు డైనమైజర్. ఇంకో పెట్టె ఉండేది, దాని పేరు ఆసిలోక్లాస్ట్. మొదటిది జబ్బును కనిపెడుతుంది, రెండోది ఆ జబ్బు ఏ కంపనంతో కదులుతోందో అదే కంపనాన్ని తిరిగి పంపించి దాన్ని పోగొడుతుంది. ఇది ఆయన చెప్పిన సిద్ధాంతం.

ఈయన సంతలో కూర్చుని వేళ్ళూ పసర్లూ అమ్మేవాడైతే నేను ఈ పూట మీ సమయం తీసుకునేవాణ్ణి కాదు. అబ్రామ్స్ జర్మనీలోని హైడెల్‌బర్గ్‌లో చదివాడు. శాన్‌ఫ్రాన్సిస్కోలో పేరున్న కూపర్ వైద్య కళాశాలలో పెథాలజీ ఆచార్యుడిగా పనిచేశాడు. పుస్తకాలు రాశాడు. తోటి వైద్యుల్లో మర్యాద ఉన్న మనిషి. పైగా ఆయన చేసిన పని, అంటే ఒంటి మీద వేలితో తట్టి శబ్దాన్ని బట్టి లోపలి సంగతి చెప్పడం, అబద్ధపు విద్య కాదు. ఇప్పటికీ ప్రతి వైద్య కళాశాలలోనూ రెండో ఏట, మూడో ఏట పిల్లలకు నేర్పే విద్యే. నిజమైన విద్య ఒకటి అబద్ధంగా ఎలా మారిందన్నదే నాకు ఆసక్తి.

కొంచెం వెనక్కి వెళ్దాం. ఆస్ట్రియాలో గ్రాజ్ అనే ఊళ్ళో ఒక పూటకూళ్ళ సత్రం యజమాని ఉండేవాడు. ఆయన కొడుకు లియోపోల్డ్ అవెన్‌బ్రుగ్గర్. పీపాలో ద్రాక్షసారా ఎంతవరకు ఉందో తెలుసుకోవడానికి తండ్రి పీపా పక్కన తట్టి చూసేవాడని, అది చూసి పెరిగిన కొడుకు పెద్దయి వియన్నాలో డాక్టరై రోగుల రొమ్ము మీద అలాగే తట్టి చూశాడని చెబుతారు. మన ఆడవాళ్ళు కుమ్మరి దగ్గర కుండ కొనేముందు వేలి కణుపుతో తట్టి, ఖంగుమంటే తీసుకుని, మొద్దుగా పలికితే పక్కన పెట్టేస్తారే, ఇదీ ఆ పనే. ఊపిరితిత్తిలో గాలి ఉంటే మోగుతుంది. ఊపిరితిత్తి చుట్టూ నీరు చేరితే రాతిని తట్టినట్టు చప్పగా పలుకుతుంది. 

అయితే అవెన్‌బ్రుగ్గర్ చెవిని నమ్మి ఊరుకోలేదు. చనిపోయినవారి ఛాతీలోకి నీళ్ళు ఎక్కించి, నీళ్ళు ఎంతవరకు నిండాయో, శబ్దం ఎక్కడ మారిందో పోల్చి చూశాడు. బతికుండగా తను పరీక్షించిన రోగి చనిపోతే కోసి చూసి, తను విన్నది లోపల ఉందో లేదో సరిచూసుకున్నాడు. ఇదంతా 1761లో లాటిన్‌లో ఒక చిన్న పుస్తకంగా రాశాడు. వంద పేజీలు కూడా లేవు. పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. ఆయనకు సంగీతం మీద ప్రీతి. సాలియేరి కట్టిన ఒక హాస్య ఒపేరాకు మాటలు కూడా రాశాడు. వైద్య పుస్తకానికి మాత్రం నలభై ఏడేళ్ళు తగినంతమంది పాఠకులు దొరకలేదు. చివరికి 1808లో నెపోలియన్ వైద్యుడు కోర్విసార్ దాన్ని ఫ్రెంచిలోకి తెచ్చి, తన సొంతమని చెప్పుకునే అవకాశం ఉన్నా, అసలు మనిషి పేరు పెట్టి ప్రచురించాడు. ఆ మరుసటి ఏడాదే అవెన్‌బ్రుగ్గర్ కన్నుమూశాడు.

ఆ కోర్విసార్ దగ్గర చదువుకున్న కుర్రవాడు రెనే లెనెక్. మీరు ఆయన పేరు వినకపోయినా ఆయన చేసిన వస్తువు మీ వంటికి తగిలే ఉంటుంది. స్టెతస్కోపు.

1816. ప్యారిస్‌లో నెకర్ ఆసుపత్రి. గుండెజబ్బు లక్షణాలతో ఒక యువతి వచ్చింది. కాస్త ఒళ్ళున్న మనిషి కావడంతో తట్టి చూస్తే ఏమీ తెలియడం లేదు. ఛాతీకి చెవి ఆనించి వినడం అప్పటి పద్ధతి. వయసులో ఉన్న స్త్రీ దగ్గర అది మర్యాద కాదు. దుంగకు ఒక కొసన గుండుసూదితో గీస్తే రెండో కొసన చెవి పెట్టినవాడికి స్పష్టంగా వినబడుతుందన్న సంగతి లెనెక్‌కు గుర్తొచ్చింది. పక్కన ఉన్న కాగితాల దస్తాను గట్టిగా చుట్టి, ఒక కొస ఆమె ఛాతీ మీద, రెండో కొస తన చెవికి పెట్టుకున్నాడు. నేరుగా చెవి ఆనించినప్పటి కంటే గుండె చప్పుడు బాగా వినబడింది. 

కాగితం చుట్ట నుంచి చెక్క గొట్టానికి వచ్చాడు. సుమారు అడుగు పొడవు. వేణువు ఊదే అలవాటున్న మనిషి, తరిమెన పని కూడా తెలుసు, గొట్టాలు తానే చెక్కుకునేవాడు. ఆ తర్వాత మూడేళ్ళు ఆయన చేసిన పనే నా ఈ ప్రసంగానికి ఆయువుపట్టు. వార్డులో రోగి ఛాతీలో ఏం వినిపించిందో రాసుకున్నాడు. బుడగలు చిట్లినట్టా, ఉప్పు వేడి పెనం మీద చిటపటలాడినట్టా, మేక అరిచినట్టా, ఖాళీ సీసా మూతి దగ్గర ఊదినట్టా అన్న తేడాలతో సహా రాసుకున్నాడు. ఆ రోగి చనిపోతే శవపరీక్ష చేసి, ఆ చిటపట వినిపించిన చోట ఊపిరితిత్తి ఎలా ఉందో చూశాడు. విన్నదీ చూసినదీ పక్కపక్కన పెట్టాడు. ఇలా ఒక్కో శబ్దానికి ఒక్కో ఆధారం కట్టుకుంటూ వచ్చి 1819లో రెండు సంపుటాల పుస్తకం వేశాడు. గొట్టం ఏ చెక్కతో చేయాలో, ఎంత పొడవుండాలో, లోపలి రంధ్రం ఎలా తొలవాలో కూడా అందులో ఉంది. పుస్తకం కొన్నవాళ్ళు ఇంకాస్త డబ్బు కడితే గొట్టం కూడా ఇచ్చేవారు. కొనలేనివాడు ఊళ్ళో వడ్రంగి చేత చేయించుకోవచ్చు.

లెనెక్ అన్నీ సరిగ్గానే చెప్పాడా? లేదు. గుండె చప్పుడులో రెండు దెబ్బలుంటాయి కదా, లబ్, డబ్ అని. రెండో దెబ్బ గుండె పైగదులు ముడుచుకోవడం వల్ల వస్తుందని ఆయన అనుకున్నాడు. అది తప్పు. ఆ దెబ్బలు గుండెలోని కవాటాలు మూసుకోవడం వల్ల వస్తాయని 1832లో రువానే అనే మరో ఫ్రెంచి వైద్యుడు ప్రతిపాదించాడు. ఎలా సరిదిద్దగలిగారు? అదే గొట్టం వాళ్ళ దగ్గరా ఉంది కనుక. అదే శబ్దం వాళ్ళూ వినగలిగారు కనుక. ఆయన పద్ధతిలోనే ఆయన తప్పును పట్టుకున్నారు.

అప్పటికి లెనెక్ లేడు. 1826లో, నలభై అయిదో ఏట, క్షయతో పోయాడు. చివరి రోజుల్లో తన ఛాతీ విని చెప్పమని తన బంధువు మెరియాడెక్‌ను అడిగాడట. ఆ కుర్రవాడికి వినిపించినది ఏ జబ్బు శబ్దమో లెనెక్‌కు చెప్పనక్కర్లేదు. ఆ శబ్దాలకు పేర్లు పెట్టినవాడే ఆయన.

ఇప్పుడు మళ్ళీ శాన్‌ఫ్రాన్సిస్కో వెళ్దాం.

అబ్రామ్స్ తన ఆసిలోక్లాస్ట్ పెట్టెను అమ్మేవాడు కాదు, అద్దెకిచ్చేవాడు. మొదట రెండు వందల డాలర్లకు పైన, తర్వాత నెలనెలా కొంత. తీసుకునేవాడు ఒక ఒప్పందం మీద సంతకం పెట్టాలి: పెట్టె మూత తీయను అని. మూత సీలు వేసి ఉండేది. ఆయన దగ్గర పాఠం చెప్పించుకోవడానికి వేరే రుసుము. మూడు వేల మందికి పైగా వైద్యులు ఈ పద్ధతిలోకి వచ్చారని అప్పట్లో చెప్పుకున్నారు. అందరూ మోసగాళ్ళు కారు. చాలామంది నిజంగానే నమ్మారు. షికాగో మాంసపు కర్మాగారాల లోగుట్టు రాసి దేశాన్ని కుదిపేసిన నవలాకారుడు అప్టన్ సింక్లెయిర్ శాన్‌ఫ్రాన్సిస్కో వెళ్ళి చూసి వచ్చి అబ్రామ్స్‌ను ఆకాశానికెత్తుతూ పత్రికలో వ్యాసం రాశాడు.

ఎందుకు నమ్మారు? మీరూ నేనూ ఇప్పుడు ఏ సాధనం ద్వారా మాట్లాడుకుంటున్నామో అదే సగం కారణం. అమెరికాలో రేడియో ప్రసారాలు ఊపందుకున్నది సరిగ్గా ఆ రోజుల్లోనే. కనబడని తరంగమేదో గోడలు దాటి వచ్చి, ఇంట్లో ఒక చెక్కపెట్టెలో నుంచి పాట పాడుతోంది. అది కళ్ళముందు జరుగుతుంటే, నెత్తుటి చుక్కలో నుంచి కూడా తరంగం వస్తుందంటే కాదనడానికి మామూలు మనిషికి నోరెలా వస్తుంది? రేడియోకి నాబ్ తిప్పుతారు, అబ్రామ్స్ పెట్టెకీ నాబ్ ఉంది. రేడియోకి తీగ ఉంది, దీనికీ ఉంది. ఏ కాలంలో ఏ యంత్రం కొత్తగా వింతగా ఉంటుందో ఆ యంత్రం వేషమే నకిలీ వైద్యం వేసుకుంటుంది. మా రేడియో పేరు అలా వాడుకున్నందుకు మాకు కాస్త కష్టంగానే ఉంటుంది, ఏం చేస్తాం.

రెండో సగం కారణం చెవి. వేలితో తట్టే శబ్దం ఎంత బలంగా తట్టామన్న దాన్ని బట్టి మారుతుంది. వేలు ఎంత గట్టిగా ఆనించామన్న దాన్ని బట్టి మారుతుంది. పేగుల్లో గాలి ఎటు కదిలితే అటు మారుతుంది. ఇక్కడ మొద్దుగా పలకాలి అని మనసులో ముందే అనుకున్నవాడి వేలు తెలియకుండానే అక్కడ ఒక పిసరు మెల్లగా తడుతుంది. చెవి ఒక పిసరు ఆశగా వింటుంది. ఇందులో దగా ఉండనక్కర్లేదు. శ్రద్ధగల విద్యార్థి, నిజాయితీగా, లేని శబ్దాన్ని వినగలడు. అవెన్‌బ్రుగ్గర్‌కూ ఈ ప్రమాదం ఉంది, లెనెక్‌కూ ఉంది. వాళ్ళను కాపాడింది వాళ్ళ చెవి పదును కాదు. చెవి చెప్పినదాన్ని కంటితో సరిచూసుకోక తప్పని పరిస్థితిని వాళ్ళే కల్పించుకోవడం. అబ్రామ్స్ దగ్గర ఆ సరిచూపు ఎక్కడుంది? రోగి వేరే ఊళ్ళో ఉన్నాడు. జబ్బు ఉందన్నదీ పెట్టే, తగ్గిందన్నదీ పెట్టే. ఫిర్యాదు ఎవరి దగ్గరో తీర్పూ వాళ్ళ దగ్గరే.

ఇక కొందరికి చిరాకు పుట్టింది. మిచిగన్ రాష్ట్రంలో ఒక డాక్టరు ఒక నెత్తుటి చుక్కను కాగితం మీద ఎండబెట్టి అబ్రామ్స్‌కు పంపాడు. ఫలితం వచ్చింది: మలేరియా, మధుమేహం, క్యాన్సర్, పైగా సుఖవ్యాధి. ఆ నెత్తురు ఒక కోడిపుంజుది. చక్కగా కూస్తూ తిరుగుతున్న పుంజు.

1923లో సైంటిఫిక్ అమెరికన్ పత్రిక ఒక సంఘాన్ని వేసి ఈ వ్యవహారాన్ని పరిశీలించడం మొదలుపెట్టింది. దాదాపు ఏడాది పాటు సంచిక వెంట సంచికగా ఆ కథనం నడిచింది. నాకు అందులో బాగా నచ్చిన ఘట్టం ఒకటుంది. అబ్రామ్స్ పద్ధతిలో అనుభవమున్న ఒక వైద్యుణ్ణి, పేరు చెప్పకుండా డాక్టర్ ఎక్స్ అన్నారు, పిలిచి ఆరు గాజు గొట్టాలు ఇచ్చారు. ఒక్కోదాంట్లో ఒక్కో రకం సూక్ష్మజీవి. ఏది ఏదో చెప్పమన్నారు. ఆయన తట్టాడు, విన్నాడు, రాశాడు. ఆరూ తప్పే. కారణం అడిగితే, గొట్టాల మీద అంటించిన చీటీల మీద ఎర్ర సిరాతో రాశారు, ఆ సిరా కంపనాలు అడ్డొచ్చాయి అన్నాడు. పత్రిక వాళ్ళు ఓపికమంతులు. చీటీలు మార్చి మళ్ళీ ఇచ్చారు. మళ్ళీ ఆరూ తప్పే. 

చివరికి 1924 సెప్టెంబరులో, ఈ పద్ధతికి ఏ విలువా లేదని, ఇది మహా మోసమన్నా తప్పులేదని పత్రిక తేల్చింది. ఆ తీర్పు వినడానికి అబ్రామ్స్ లేడు. ఆ ఏడాది జనవరిలో న్యుమోనియాతో చనిపోయాడు. సీలు వేసిన పెట్టెను విప్పి చూసినవాళ్ళకు తీగలు, రెసిస్టర్లు, కండెన్సర్లు కనిపించాయి. ఒకదానికొకటి కలిపి ఉన్నాయి కానీ ఆ కలపడానికి ఒక అర్థం లేదు. రేడియో మరమ్మతు చేసే కుర్రాడు చూసినా నవ్వేలా ఉంది.

ఆయన పోయినా పెట్టెలు పోలేదు. రేడియోనిక్స్ అన్న కొత్త పేరుతో ఆయన వారసులు మరో మూడు దశాబ్దాలకు పైగా అమెరికాలోనూ ఇంగ్లండ్‌లోనూ నడిపించారు. అమెరికాలో రూత్ డ్రౌన్ అనే ఆమె, నెత్తుటి చుక్కతోనే రోగాలు చెప్పిన మనిషి, 1951లో కోర్టులో శిక్షపడే దాకా వెళ్ళింది.

లెనెక్ నడిచిన నిజమైన దారి కూడా ఆగలేదు. 1905లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో నికొలాయ్ కొరొత్కోవ్ అనే సర్జన్ ఒక పేజీ కూడా లేని ప్రసంగంలో, చేతికి పట్టీ బిగించి గాలి వదులుతూ మోచేతి మడత దగ్గర వింటే మొదలయ్యే దెబ్బలూ ఆగిపోయే దెబ్బలూ రక్తపోటు ఎంతో చెబుతాయన్నాడు. మన పల్లెటూళ్ళలో ఇప్పటికీ బీపీ చూడటమంటే ఆయన చప్పుళ్ళే వినడం. 1958లో గ్లాస్గోలో ఇయాన్ డొనాల్డ్, లోహంలో పగుళ్ళు పట్టే యంత్రాల సాయంతో మొదలుపెట్టి, మనిషి చెవికి అందని శబ్దంతో గర్భంలోని పిండాన్ని తెర మీద చూపించాడు.

ఇవాళ్టి సంగతికి వద్దాం. దగ్గు విని జబ్బు చెప్పే ఫోన్లు వచ్చాయి. నవ్వకండి. ఆలోచన మంచిదే. కోరింత దగ్గుకూ మామూలు దగ్గుకూ తేడా పిల్లల తల్లికి తెలుస్తుంది. ఉబ్బసం పిల్లాడి గుండెల్లో పిల్లికూతలు పక్క మంచం మీది వాళ్ళకు కూడా వినబడతాయి. మనిషి చెవి పట్టే తేడాను యంత్రం ఇంకా సన్నగా పట్టగలదనుకోవడంలో అసంబద్ధం ఏమీ లేదు. 2024లో గూగుల్ పరిశోధకులు ముప్పై కోట్ల శబ్దపు ముక్కలు వినిపించి తర్ఫీదు ఇచ్చిన ఒక నమూనాను ప్రకటించారు. అందులో దాదాపు పది కోట్లు దగ్గులే. హైదరాబాద్‌కు చెందిన సాల్సిట్ టెక్నాలజీస్ అనే సంస్థ చేసిన 'శ్వాస' అనే సాధనం దగ్గు శబ్దాన్ని బట్టి ఊపిరితిత్తుల స్థితిని అంచనా వేస్తుంది. విశాఖపట్నంలోని ఆంధ్రా వైద్య కళాశాలలో క్షయ అనుమానితులను వడపోయడానికి అది ఎంతవరకు పనికొస్తుందో పరీక్షించి ఫలితాలు పత్రికలో ప్రచురించారు. పరీక్షించడం, ప్రచురించడం అన్న ఈ రెండు మాటలూ గమనించండి. నేను లెనెక్ దగ్గర మెచ్చుకున్నది అదే.

అయినా జాగ్రత్తగా వినాలి. 2020లో కోవిడ్ మొదటి ఏడాది, అమెరికాలోని ఎంఐటీ పరిశోధకులు దగ్గు వింటే చాలు, కోవిడ్ ఉన్నవాళ్ళలో నూటికి 98 మందికి పైగా పట్టేస్తున్నామన్నారు. ప్రపంచమంతా పతాక శీర్షికలు. ఆ తర్వాత ఇంగ్లండ్‌లో 67 వేల మందికి పైగా మనుషుల నుంచి దగ్గులూ శ్వాసలూ మాటలూ సేకరించి, ప్రతి ఒక్కరికీ పీసీఆర్ ఫలితం జతచేసి, ఈ విద్యను నిదానంగా పరీక్షించారు. ఫలితం 2024లో వచ్చింది. మొదటి చూపులో యంత్రానికి 0.85 దాకా మార్కులొచ్చాయి. ఈ కొలతలో 0.5 అంటే బొమ్మా బొరుసూ వేసి చెప్పినట్టు, 1 అంటే ఒక్క తప్పూ లేనట్టు. కాబట్టి 0.85 మంచి మార్కే. తర్వాత వాళ్ళొక పని చేశారు. జ్వరం, గొంతునొప్పి లాంటి లక్షణాలు ఒకేలా ఉన్నవాళ్ళను జోడీలుగా పెట్టి, అందులో ఎవరికి కోవిడ్ ఉందో ఎవరికి లేదో చెప్పమన్నారు. మార్కులు 0.62కు పడిపోయాయి. 

ఏమైందంటే, ఆ సేకరణలో కోవిడ్ ఉన్నవాళ్ళలో ఎక్కువమంది ఒంట్లో బాగోలేక పరీక్షకు వచ్చినవాళ్ళు; కోవిడ్ లేనివాళ్ళలో ఎక్కువమంది హాయిగా ఉన్నవాళ్ళు. యంత్రం చాలావరకు వైరస్‌ను వినలేదు. ఒంట్లో బాగోలేని మనిషి గొంతును విన్నది. అది పట్టడానికి యంత్రమెందుకు, 'ఒళ్ళెలా ఉందమ్మా' అని అడిగితే తెలిసిపోయేది. అబ్రామ్స్ వేలు చేసిన పనే ఇక్కడ లెక్కలు చేశాయి, దగా ఏమీ లేకుండా. తేడా ఏమిటంటే, ఇక్కడ మూత తీసి చూసే వీలుంది. తీసి చూశారు. లోపల ఏముందో రాశారు.

అలా మూత తీసే వీలు లేనివి మన చుట్టూ చాలా ఉన్నాయి. అపార్ట్‌మెంటు సెల్లార్లో, ఆదివారం పూట కల్యాణ మండపంలో 'ఉచిత ఫుల్ బాడీ చెకప్' అని బ్యానరు కడతారు. మీ చేతికి ఒక లోహపు కడ్డీ ఇచ్చి పట్టుకోమంటారు. అది ఒక చిన్న పెట్టెకు, ఆ పెట్టె ల్యాప్‌టాపుకు. ఒకటి రెండు నిమిషాలు ఏవో గీతలు కదులుతాయి. కాలేయం, మూత్రపిండాలు, ఎముకల బలం, ఒంట్లోని విటమిన్లు, చివరికి మనసు అలసట దాకా పేజీలకు పేజీలు రంగుల రిపోర్టు వస్తుంది. సూది లేదు, నెత్తురు లేదు. మీ అవయవాల తరంగాలు పెట్టె చదివేసిందంటారు. అబ్రామ్స్‌కు కనీసం ఒక చుక్క నెత్తురో, చేతిరాతో అన్నా కావలసి వచ్చింది! రిపోర్టులో ఏవో కొన్ని ఎర్రగా కనబడతాయి. ఆ ఎరుపు పోవడానికి పనికొచ్చే పొడి డబ్బాలు పక్క టేబుల్ మీదే ఉంటాయి. మొదటిసారి పరీక్ష ఉచితం ఎందుకైందో ఆ టేబుల్ దగ్గర తెలుస్తుంది. క్యాన్సర్, మధుమేహం వంటి జబ్బులు నయం చేస్తామని ప్రకటనలు ఇవ్వకూడదని మన దేశంలో 1954 నుంచీ చట్టం ఉంది. చట్టం ఉంది, బ్యానర్లూ ఉన్నాయి.

నన్నడిగితే ఈ రిపోర్టుల వల్ల పోయే డబ్బు పెద్ద నష్టం కాదు. ఎర్రగా చూపించి భయపెడితే మనిషి ఎలాగో పెద్దాసుపత్రికి వెళ్ళి, ఏమీ లేదని తెలుసుకుని వస్తాడు. 'అంతా పచ్చగానే ఉంది' అని చెప్పి పంపించేస్తేనే ప్రమాదం. గుండెలో నొప్పి వస్తున్నవాడు, బరువు తగ్గిపోతున్నవాడు, ఆ పచ్చ కాగితం జేబులో పెట్టుకుని ఆరు నెలలు ఊరుకుంటాడు.

కాబట్టి మీ ఊళ్ళో అలాంటి పెట్టె పెట్టినప్పుడు, పొట్లాడనక్కర్లేదు, ఒక చిన్న మాట అడగండి. ఇదే మనిషిని పేరు మార్చి, రిపోర్టు తీసేవాడికి ముఖం కనబడకుండా, మళ్ళీ రెండుసార్లు పరీక్షిస్తారా అని. ఒప్పుకుంటే మూడు రిపోర్టులూ పక్కపక్కన పెట్టి చూడండి. ఒప్పుకోకపోతే జవాబు వచ్చేసినట్టే. దగ్గు వినే ఫోన్ అయినా, చేతి కడ్డీ అయినా, గొప్ప ఆసుపత్రిలో కోట్లు పోసి కొన్న యంత్రమైనా అందరికీ ఇదే ప్రశ్న. మంచి యంత్రం చేసినవాళ్ళకు ఈ ప్రశ్న కొత్త కాదు. వాళ్ళు ముందే వేసుకుని ఉంటారు.

ఇంకొక్క మాట చెప్పి సెలవు తీసుకుంటాను. మీ ఇంట్లో ఎవరికైనా రెండు వారాలు దాటి దగ్గు తగ్గకుండా ఉంటే, సాయంత్రాలు జ్వరం తగులుతుంటే, బరువు తగ్గుతుంటే, ఏ యాప్‌లోనూ దగ్గి కూర్చోవద్దు. దగ్గర్లోని ప్రభుత్వ ఆరోగ్య కేంద్రానికి వెళ్ళి కళ్లె పరీక్ష చేయించుకోండి. క్షయకు ఆ పరీక్షా ఉచితమే, మందులూ ఉచితమే.